ధనుష్కోటి స్టేషన్ బతికిన యాభై ఏళ్ళ గురించి దక్షిణ రైల్వేకు బహిరంగ లేఖ

మాన్యులు దక్షిణ రైల్వే జనరల్ మేనేజర్ గారికి, మదురై డివిజనల్ రైల్వే మేనేజర్ గారికి నమస్కారాలు.

రామేశ్వరం వచ్చిన తెలుగువాళ్ళలో ధనుష్కోటి చూడకుండా వెనక్కి వెళ్ళేవాళ్ళు తక్కువ. ఇరవై రెండు తీర్థాల స్నానం, స్వామి దర్శనం అయ్యాక ఏదో ఒక వ్యాను మాట్లాడుకుని ధనుష్కోటి చివరి కొస అరిచల్‌మునై దాకా పోతారు. కాశీకి వెళ్ళే సంకల్పం ఉన్నవాళ్ళు సేతువు దగ్గర ఇసుక మూటగట్టుకుంటారు. తిరుగుదారిలో డ్రైవరు రోడ్డు పక్కన బండి ఆపి, ఇసుకలో నిలబడ్డ మొండిగోడలు చూపించి, ఇది పాత రైల్వే స్టేషన్, 1964లో ఉప్పెన వచ్చి రైలుతో సహా ఊరు ఊరంతా కొట్టుకుపోయింది అంటాడు. అందరూ దిగుతారు, అయ్యో అంటారు, ఫోటోలు తీసుకుంటారు. చర్చి గోడల ముందు నిలబడి అదే స్టేషన్ అనుకునేవాళ్ళకూ కొదవ లేదు. కాసేపటికి బండి కదులుతుంది.

రైల్వేలో స్టేషన్ మాస్టరుగా చేసి రిటైరైనవాణ్ణి కాబట్టి ఆ కాసేపు నాకు చాలదు. ధనుష్కోటి స్టేషన్ 1914 నుంచి 1964 దాకా యాభై ఏళ్ళు పనిచేసింది. అందులో అందరికీ తెలిసింది ఆఖరి రాత్రి ఒక్కటే. మిగిలిన యాభై ఏళ్ళనూ చెప్పించమని అడగడానికే ఈ ఉత్తరం. మిమ్మల్నే ఎందుకు అడుగుతున్నానంటే, ఆ లైను వేసిన సౌత్ ఇండియన్ రైల్వే కంపెనీ 1944లో ప్రభుత్వం చేతికి వచ్చింది, 1951 ఏప్రిల్ 14న దక్షిణ రైల్వేలో కలిసింది. కంపెనీ ఆస్తులతో పాటు దాని జ్ఞాపకాలూ మీకే దఖలు పడ్డాయి.

ముందు అసలు అక్కడ స్టేషన్ ఎందుకు పుట్టిందో చెప్పాలి, ఎందుకంటే యాత్రికుల్లో చాలామంది అది రాముడి సేతువు కోసం, తీర్థస్నానం కోసం కట్టిన స్టేషన్ అనుకుంటారు. కాదు. అది సిలోన్ కోసం, అంటే ఇప్పటి శ్రీలంక కోసం కట్టింది. పందొమ్మిదో శతాబ్దం చివరి రోజుల్లో మద్రాసు నుంచి కొలంబో పోవాలంటే రైల్లో తూత్తుకుడి దాకా వెళ్ళి, అక్కడ స్టీమరెక్కి రాత్రంతా సముద్రం మీద గడపాలి. ఆ రైలునే బోట్ మెయిల్ అనేవారు. కొండల మీద తేయాకు తోటలు పెరిగేకొద్దీ అక్కడికి కూలీలు, వాళ్ళ వెనకే వర్తకులు, బియ్యం బస్తాలు, బట్టల మూటలు పోవడం ఎక్కువైంది. సముద్ర ప్రయాణం ఎంత తగ్గితే అంత లాభం. మ్యాపు చూస్తే దారి కనబడుతూనే ఉంది: రామేశ్వరం ఉన్న పాంబన్ దీవి చివర ధనుష్కోటి, ఎదురుగా మన్నార్ దీవి చివర తలైమన్నార్, మధ్య ఉన్న సముద్రం సుమారు ముప్పై కిలోమీటర్లు. ఆ ముప్పై కిలోమీటర్ల మీద కూడా రైలు కట్ట వేద్దామని ఆ రోజుల్లో ఆలోచన చేశారు. ఖర్చు చూసి వెనక్కి తగ్గారు. చివరికి తేలిందేమిటంటే, ఇవతలి ఒడ్డున మండపం నుంచి దీవి మీది పాంబన్ దాకా సముద్రం మీద వంతెన, దీవి మీద రైలు, దీవి చివర జెట్టీ, అక్కణ్ణుంచి స్టీమరు.

ఆ ఏర్పాటుకు కీలకం పాంబన్ వంతెన. 1911లో పని మొదలుపెట్టి 1914 ఫిబ్రవరి 24న ప్రారంభించారు. రెండు కిలోమీటర్లకు పైగా పొడవు. ఓడలు దాటడానికి మధ్యలో రెండు రెక్కలుగా పైకి లేచే స్పాన్. దాన్ని షెర్జర్ స్పాన్ అంటాం, షికాగో కంపెనీ డిజైను. మోటార్లు లేవు. ఇరువైపులా మనుషులు నిలబడి ఇనప లీవర్లు తిప్పి రెక్కలు లేపేవారు. ఇదంతా మీకు తెలిసిందే, నేను చెప్పడం హనుమంతుడి ముందు కుప్పిగంతులే. కానీ ఈ ఉత్తరం మీతో పాటు చదివేవాళ్ళు కూడా ఉన్నారు.

ఇప్పటి యాత్రికులకు ఎంత చెప్పినా ఒక పట్టాన నమ్మకం కలగని సంగతి ఒకటుంది. పాంబన్ అప్పుడు జంక్షన్. దీవి ఎక్కగానే రైలు కట్ట రెండుగా చీలేది. మెయిన్ లైను ధనుష్కోటికి, బ్రాంచి లైను రామేశ్వరానికి. అంటే ఇవాళ దేశం నలుమూలల నుంచి రైళ్ళు వచ్చి ఆగే రామేశ్వరం ఆ రోజుల్లో పక్క లైను మీది స్టేషన్. పెద్ద బండి తిన్నగా ధనుష్కోటి పోయేది. 1964 తర్వాత మెయిన్ లైను పోయి బ్రాంచి మిగిలింది, మిగిలిన బ్రాంచే మెయిన్ అయిపోయింది. రామేశ్వరం స్టేషన్లో ప్లాట్‌ఫారం మీద చాప పరుచుకుని బండి కోసం ఎదురుచూసే మావాళ్ళకు ఈ ఒక్క మాట తెలిసినా ధనుష్కోటి గోడలను చూసే చూపు మారుతుంది.

1914 తర్వాత బోట్ మెయిల్ తూత్తుకుడి వదిలి ధనుష్కోటి దారి పట్టింది. మద్రాసు ఎగ్మోర్లో టికెట్ కొంటే అదే టికెట్ మీద రైలు, స్టీమరు, మళ్ళీ రైలు ఎక్కి కొలంబో ఫోర్టులో దిగొచ్చు. ధనుష్కోటిలో బండి దిగి జెట్టీ మీదకు నడిస్తే స్టీమరు సిద్ధంగా ఉండేది. ఇర్విన్, గోషెన్ అని వైస్రాయిల, గవర్నర్ల పేర్లు పెట్టిన స్టీమర్లు. అటు తలైమన్నార్ జెట్టీ దగ్గర సిలోన్ రైలు. ఇంత పెద్ద ప్రయాణానికి మలుపు తిరిగే చోటు ఈ ఇసుక దిబ్బ. కాబట్టే అక్కడ స్టేషన్ చుట్టూ కస్టమ్స్ ఆఫీసు, పోస్టాఫీసు, పోర్టు ఆఫీసు, ఆసుపత్రి, బడి, గుడి, చర్చి, సత్రాలు లేచాయి. మంచినీళ్ళు కూడా వెతుక్కోవాల్సిన చోట ఒక ఊరు నిలబడిందంటే దానికి రైలే ఆధారం.

అయితే ఆ స్టేషన్ మీదుగా పోయినవాళ్ళందరూ టికెట్ చేతిలో పట్టుకుని దర్జాగా స్టీమరెక్కిన దొరలు కారు. ఎక్కువమంది తమిళనాడు పల్లెల నుంచి తేయాకు తోటలకు పోయే కూలీలు. వాళ్ళను ముందు మండపం క్యాంపులో దింపేవారు. సిలోన్ ప్రభుత్వం మన గడ్డ మీదే నడిపిన క్వారంటైన్ క్యాంపు అది. అక్కడ కొన్నాళ్ళు ఉంచి, ఆరోగ్యం చూసి, అప్పుడు సముద్రం దాటనిచ్చేవారు. కాశీ రామేశ్వరం యాత్ర చేసుకునే ముసలివాళ్ళూ, బతుకుతెరువు కోసం పిల్లాపాపలతో సముద్రం దాటే కూలీలూ ఒకే ప్లాట్‌ఫారం మీద ఎదురుపడ్డ స్టేషన్లు దేశంలో ఎన్ని ఉంటాయి? ధనుష్కోటి చరిత్ర రాస్తే మొదటి పేజీలో ఆ కూలీలు ఉండాలి. స్టీమర్ల పేర్లు, వైస్రాయిల పేర్లు ఆ తర్వాత.

ఒక రైల్వే మనిషిగా చిన్న ముచ్చట చెప్పి ముందుకు పోతాను. ఒకవేళ ఆ ముప్పై కిలోమీటర్ల వంతెన కట్టి ఉన్నా బండి తిన్నగా కొలంబో పోయేది కాదు. ఇటు వచ్చింది మీటర్ గేజి, అటు సిలోన్లో ఉన్నది బ్రాడ్ గేజి. ఎక్కడో ఒక చోట దిగి బండి మారాల్సిందే. 2007లో పాంబన్ వంతెన మీదుగా బ్రాడ్ గేజి వేశాక ఇప్పుడు రెండు దేశాల పట్టాల వెడల్పూ ఒకటే. పట్టాలు కుదిరాయి, స్టేషన్ లేదు.

ఇక 1964. ఆ ఏడాది అక్టోబరు 30న లాల్ బహదూర్ శాస్త్రి, సిరిమావో బండారనాయకే ఢిల్లీలో ఒప్పందం చేసుకున్నారు. సిలోన్లో తరతరాలుగా ఉండి కూడా ఏ దేశ పౌరసత్వమూ లేకుండా మిగిలిపోయిన సుమారు 9,75,000 మంది భారత సంతతివాళ్ళలో 5,25,000 మందిని మన దేశం తీసుకోవాలి. వాళ్ళు రావాల్సింది ఏ దారిన? వాళ్ళ తాతలు వెళ్ళిన దారినే, తలైమన్నార్ జెట్టీ మీదుగా. సంతకాలు ఆరిన రెండు నెలలకు ఇటువైపు జెట్టీ లేదు, స్టేషన్ లేదు, ఊరు లేదు. కాందిశీకుల్లా తిరిగొచ్చిన ఆ కుటుంబాలు తర్వాత రామేశ్వరం జెట్టీలో దిగాయి. తాతలు పడవెక్కిన స్టేషన్ గోడలను వాళ్ళలో ఎంతమంది చూసి ఉంటారో.

డిసెంబరు 22 రాత్రి సంగతి అందరూ చెప్పేదే. కానీ చెప్పే తీరులో నాకు అభ్యంతరం ఉంది కాబట్టి నేనూ చెప్తాను. అండమాన్ దక్షిణాన పుట్టిన వాయుగుండం పెను తుఫానుగా ముదిరి, సిలోన్ ఉత్తర భాగాన్ని దాటి పాక్ జలసంధి మీదకు వచ్చింది. పాంబన్ నుంచి ధనుష్కోటి వెళ్ళాల్సిన 653 నంబరు ప్యాసింజరు రాత్రి 11:55కు బయల్దేరింది. లెక్క ప్రకారం 110 మంది ప్రయాణికులు, ఐదుగురు రైల్వే సిబ్బంది. టికెట్ లేనివాళ్ళను కలుపుకుంటే ఇంకా ఎక్కువే ఉంటారంటారు. ధనుష్కోటికి కూతవేటు దూరంలో సిగ్నల్ పడలేదని, డ్రైవరు బండి ఆపి, కాసేపు చూసి, గట్టిగా కూత వేసి ముందుకు తీశాడని చెబుతారు. అంతలో ఉప్పెన బండిని ముంచేసింది. ఒక్కరూ మిగలలేదు. తీగలు తెగిపోయి ఈ వార్త బయటి లోకానికి చేరడానికే దాదాపు రెండు రోజులు పట్టింది. దీవిలోనూ, అటు సిలోన్లోనూ కలిపి ఆ తుఫానుకు పోయినవాళ్ళు సుమారు 1,800 మంది అంటారు. ఆ రోజుల్లో మన సావిత్రి, జెమినీ గణేశన్ రామేశ్వరంలో చిక్కుకుపోయిన కథ మా ఇళ్ళలో ఇప్పటికీ చెప్పుకుంటారు. బండిలో పోయినవాళ్ళ కథ మాత్రం చెప్పేవాళ్ళు లేరు.

నా అభ్యంతరం ఏమిటంటే, ఈ కథను ఏదో దెయ్యాల కథలాగా చెబుతారు. అర్ధరాత్రి రైలు, పెద్ద అల, మాయమైన ఊరు. చీకటి పడ్డాక అక్కడ ఉండకూడదట, కూత వినబడుతుందట. ఇంజను ఎక్కిన డ్రైవరుకు, వెనక బ్రేక్ వ్యానులో కూర్చున్న గార్డుకు ఆ రాత్రి ఎదురైంది దెయ్యం కాదు, ప్రతి రైల్వే మనిషికీ ఎప్పుడో ఒకప్పుడు ఎదురయ్యే ప్రశ్న. సిగ్నల్ పడలేదు. పడలేదంటే లైను క్లియర్ లేదనా, తీగ తెగిందనా, క్యాబిన్లో మనిషే లేడనా? వెనక్కి పోదామంటే రెండు పక్కలా సముద్రం లేస్తోంది. ఆగుదామంటే పెట్టెల్లో జనం. ముందు స్టేషన్ ఉంది, నాలుగు గోడలున్నాయి. రూలు పుస్తకం ముందు పెట్టుకుని పగటిపూట ఆఫీసులో కూర్చుని ఆ డ్రైవరుది తప్పో ఒప్పో తేల్చడం నాకు చేతకాదు. ఆ ప్రశ్నను ప్రశ్నగానే జనం ముందు పెడితే చాలు, దెయ్యం కథ అదే పోతుంది.

పైగా అది ఒంటరి ప్రమాదం కాదు. 1956 సెప్టెంబరులో మహబూబ్‌నగర్ దగ్గర వరదకు వంతెన కూలి వందమందికి పైగా పోయారు. శాస్త్రి గారు అప్పుడు రైల్వే మంత్రి. రాజీనామా ఇస్తే నెహ్రూ ఒప్పుకోలేదు. అదే ఏడాది నవంబరులో మీ దక్షిణ రైల్వేలోనే అరియలూరు దగ్గర మరుదైయారు వంతెన వరదకు కొట్టుకుపోయి తూత్తుకుడి ఎక్స్‌ప్రెస్ ఏట్లో పడింది. ఈసారి ఆయన పదవి వదిలేశారు. ఎనిమిదేళ్ళ తర్వాత ధనుష్కోటి బండి పోయే వేళకు ఆయనే ప్రధాని. ఆ తర్వాతైనా ఆగిందా అంటే లేదు. 2005 అక్టోబరు 29న అప్పటి నల్లగొండ జిల్లా వలిగొండ దగ్గర తెగిన చెరువు నీళ్ళు కట్టను కోసేస్తే డెల్టా ప్యాసింజరు ఆ గండిలో పడింది, వందమందికి పైగా పోయారు. నీళ్ళు కట్ట మీదకు వచ్చిన రాత్రి బండిని ఎవరు ఆపాలి, ఎలా ఆపాలి అన్న పాఠం ఇన్నిసార్లు ఇంత ఖరీదు పెట్టి నేర్చుకున్నాం. ఇవాళ పాంబన్ వంతెన మీద గాలి వేగం గంటకు 58 కిలోమీటర్లు దాటితే సిగ్నల్ పడదు, బండి కదలదు. ధనుష్కోటి గోడల దగ్గర నిలబడ్డ యాత్రికుడికి ఈ మాట చెప్పేవాళ్ళుంటే, తాను రామేశ్వరం వచ్చిన బండి ఎంత జాగ్రత్తతో వచ్చిందో అతనికీ అర్థమవుతుంది.

తుఫాను తర్వాత మీ శాఖ చేసిన పని గురించి ఎంత చెప్పినా తక్కువే. పాంబన్ వంతెన గర్డర్లు వందకు పైగా సముద్రంలో పడిపోయాయి. షెర్జర్ స్పాన్ మాత్రం నిలబడింది. బాగుచెయ్యడానికి ఆరు నెలలన్నారు, తర్వాత మూడు నెలలకు కుదించారు. అప్పటికి కుర్ర ఇంజనీరు అయిన ఇ. శ్రీధరన్, జాలర్ల సాయంతో సముద్రం అడుగున ఉన్న గర్డర్లు వెతికి తీయించి 46 రోజుల్లో వంతెన నిలబెట్టారు. తర్వాత కొంకణ్ రైల్వే, ఢిల్లీ మెట్రో కట్టిన మనిషికి పేరు వచ్చింది ఇక్కడే. ఆ 46 రోజుల గురించి ఎక్కడైనా చదవొచ్చు. కానీ ఆ వంతెన మీదుగా బండ్లు మళ్ళీ రామేశ్వరం దాకే వచ్చాయి. ధనుష్కోటి వైపు లైనును అలాగే వదిలేశారు. మద్రాసు ప్రభుత్వం ఊరు నివాసానికి పనికిరాదని ప్రకటించింది. సిలోన్ స్టీమరు రామేశ్వరానికి మారి, రామానుజం అనే ఓడ 1980ల ఆరంభం దాకా తిరిగి, శ్రీలంకలో అంతర్యుద్ధం ముదిరాక ఆగిపోయింది. జాలర్లు మాత్రం ఎవరు ఏ ప్రకటన చేసినా కదల్లేదు, గుడిసెలు వేసుకుని ఇప్పటికీ అక్కడే వేటకు పోతున్నారు.

ఎదురు ఒడ్డున ఏం జరిగిందో కూడా చూడండి. తలైమన్నార్ లైను యుద్ధంలో నాశనమైంది. దాన్ని మళ్ళీ వేసింది మన ప్రభుత్వ రైల్వే నిర్మాణ సంస్థ ఇర్కాన్. 2015 మార్చి 14న మన ప్రధానే వెళ్ళి తలైమన్నార్‌లో బండికి జెండా ఊపారు. వాళ్ళ జెట్టీ స్టేషన్ దాకా ఇప్పుడు రైలు వస్తుంది. జంట స్టేషన్లలో అటుదాన్ని మన ఇంజనీర్లే లేపారు, ఇటుదాని గోడలు ఇసుకలో ఉన్నాయి.

అలాగని ధనుష్కోటికి మళ్ళీ రైలు వెయ్యమని నేను అడగడం లేదు. ఈ మాట రైల్వేలో జీతం తిన్నవాడు అనడం కొందరికి రుచించకపోవచ్చు. 2019 మార్చి 1న రామేశ్వరం ధనుష్కోటి మధ్య 17 కిలోమీటర్ల లైనుకు శంకుస్థాపన జరిగింది. భూమి విషయంలో తమిళనాడు ప్రభుత్వం వద్దనడంతో అది ముందుకు సాగలేదు. సాగకపోవడమే మంచిదైంది. రెండు సముద్రాల మధ్య కదిలే ఇసుక మీద కట్ట వేసి, దాన్ని నిలబెట్టడానికి ఏటేటా డబ్బు పోసి, తుఫాను వస్తోందనగానే బండ్లు ఆపుకుని కూర్చునే లైను ఎవరికి కావాలి? సిలోన్ ఓడ లేనప్పుడు ఆ లైనుకు చివర్లో ఉన్నది ఫోటోలే. 2017లో అరిచల్‌మునై దాకా రోడ్డు వేశారు, యాత్రికులకు అది చాలు. ఫ్లెమింగోలు దిగే చోటని 2025లో తమిళనాడు ప్రభుత్వం అక్కడ అభయారణ్యం ప్రకటించింది. పిట్టలను కూడా కాస్త బతకనిద్దాం.

నేను అడిగేది దీనికంటే చాలా చవకైన పని. రామేశ్వరం స్టేషన్ను ఇప్పుడు కొత్తగా కడుతున్నారు కదా, అందులో ఒక హాలు ధనుష్కోటికి ఇవ్వండి. గోడల దగ్గర కాదు, స్టేషన్లోనే. గోడల దగ్గర పెద్ద పెద్ద బోర్డులు, గ్రానైట్ మెట్లు, సెల్ఫీ పాయింట్లు పెడితే ఉన్న నాలుగు రాళ్ళూ మిగలవు, ఉప్పుగాలికి బోర్డూ మిగలదు. యాత్రికుడికి తీరిక ఉండేది కూడా బండి కోసం ఎదురుచూసే స్టేషన్లోనే. అక్కడ పాత లైను మ్యాపు గోడంత సైజులో పెట్టండి: పాంబన్ జంక్షన్, మెయిన్ లైను, బ్రాంచి లైను, జెట్టీ, అవతల తలైమన్నార్. టైంటేబుళ్ళు, టికెట్లు, స్టీమర్ల బొమ్మలు, మండపం క్యాంపు కాగితాలు మీ రికార్డు గదుల్లో ఏవి ఉంటే అవి. ఎగ్మోర్ నుంచి బోట్ మెయిల్ ఇప్పటికీ అదే పేరుతో రామేశ్వరం వస్తోంది. దిగినవాళ్ళలో ఒక్కరైనా ఈ రైలుకు బోటు ఎక్కడిది అని అడగకపోరు.

పాంబన్ పాత వంతెన గురించి కూడా ఇక్కడే మనవి చేసుకోవాలి. దాని మీద బండ్లు ఆపింది 2022 డిసెంబరులో. 2025 ఏప్రిల్ 6న కొత్త వంతెన ప్రారంభమైంది. నిలువుగా లేచే స్పాన్, మోటార్లు, సెన్సార్లు, అన్నీ బాగున్నాయి. పాతదాన్ని విప్పేస్తామంటున్నారు. విప్పక తప్పదు, సముద్రంలో తుప్పు పట్టిన ఇనుము ఓడలకూ ప్రమాదమే. కానీ ఆ షెర్జర్ రెక్కల్లో ఒకటి, దాన్ని తిప్పిన లీవర్లతో సహా, ఒడ్డున నిలబెట్టండి. ధనుష్కోటి స్టేషన్ పుట్టిన ఏడాదే పుట్టి, ఆ ఉప్పెనకు నిలిచిన వస్తువు అది. స్క్రాపు టెండరు లెక్కలో అది ఎన్ని టన్నులో నాకు తెలియనక్కర్లేదు, ఆ టన్నుల ధర రైల్వేకు లెక్కలోది కాదు.

ఇక అన్నిటికంటే ముఖ్యమైనది, నా మట్టుకు నేను దీనికోసమే ఈ ఉత్తరం మొదలుపెట్టాను. 653 బండిలో పోయిన ఆ ఐదుగురు రైల్వే ఉద్యోగుల పేర్లు. డ్యూటీలో చనిపోయినవాళ్ళు కాబట్టి మీ సర్వీసు రికార్డుల్లో, పెన్షను కాగితాల్లో వాళ్ళ పేర్లు ఎక్కడో ఒకచోట ఉండి తీరాలి. ఆ రాత్రి ధనుష్కోటి స్టేషన్లో, క్యాబిన్లో, క్వార్టర్లలో ఉన్న సిబ్బంది పేర్లూ అంతే. ప్రయాణికుల పేర్లు అన్నీ దొరకవని నాకు తెలుసు, ప్యాసింజరు బండికి రిజర్వేషన్ చార్టు ఉండదు. కానీ సిబ్బందికి మస్టరు రోలు ఉంటుంది. డ్రైవరు, ఫైర్‌మన్, గార్డు, స్టేషన్ మాస్టరు, పాయింట్స్‌మన్, గ్యాంగ్‌మన్ ఎవరైనా సరే, హోదా తేడా లేకుండా అన్ని పేర్లూ ఒకే సైజు అక్షరాల్లో ఆ హాల్లో చెక్కించండి. వాళ్ళ ఇళ్ళవాళ్ళు ఎక్కడైనా ఉంటే పిలిపించి వాళ్ళ చేతే తెర తీయించండి. రిబ్బను కత్తిరించడానికి వేరే ఎవరూ అక్కర్లేదు. ఆ ప్రమాదం మీద జరిగిన విచారణ కాగితాలు ఏవి మిగిలి ఉన్నా స్కాన్ చేసి జనానికి అందుబాటులో పెట్టండి. అరవై ఏళ్ళు దాటాయి, ఇప్పుడు ఎవరి ఉద్యోగమూ పోదు.

రాతలు తమిళం, హిందీ, ఇంగ్లీషులో ఎలాగూ పెడతారు. తెలుగులోనూ పెట్టించండి. సికింద్రాబాద్ నుంచి, తిరుపతి నుంచి వచ్చే రైళ్ళ నిండా మావాళ్ళే, భువనేశ్వర్ రైల్లో విశాఖ, విజయవాడలో ఎక్కినవాళ్ళూ తక్కువ కాదు. 1977 నవంబరు 19న దివిసీమ ఉప్పెన చూసిన తరం ఇంకా మా ఇళ్ళల్లో ఉంది. ఒక్క రాత్రిలో ఊళ్ళు ఎలా పోతాయో వాళ్ళకు వేరే చెప్పక్కర్లేదు. సింహళం కూడా పెడితే ఇంకా మంచిది, సగం కథ వాళ్ళది.

తెలుగు పాఠం రాసిపెట్టే పని ఎవరికి అప్పగించాలో తెలియకపోతే నాకు అప్పగించండి, పైసా తీసుకోను. సిగ్నలింగ్ మాటలు తప్పు లేకుండా రాయడానికి పాత మీటర్ గేజి రోజుల సహోద్యోగులు ఇద్దరు ముగ్గురు సాయానికి ఒప్పుకున్నారు. మదురై డివిజన్లో ఈ ఫైలు ఏ సెక్షన్ చూస్తుందో, ఆ గోడలున్న స్థలం ఇప్పటికీ రైల్వేదేనా, రెవెన్యూ శాఖదా అన్నది ముందుగా తెలియజేస్తే తర్వాతి అర్జీ సరైన టేబులు మీదకే పంపుకుంటాను.

ఇట్లు,
భవదీయుడు,
కోస్తా జిల్లాల నుంచి ఒక రిటైర్డ్ స్టేషన్ మాస్టరు